పెద్ద స్టూడియో చిత్రాల్లో తొమ్మిదేళ్లుగా అసిస్టెంట్‌ని. చిన్న చిత్రానికి ఎడిటర్‌గా వెళ్లాలా, ఇక్కడే ఉండాలా?

తెనాలి_కూర్పు
మాది తెనాలి. లాస్ ఏంజెలెస్ పక్కనున్న బర్బ్యాంక్‌లో తొమ్మిదేళ్లుగా అసిస్టెంట్ ఎడిటర్‌గా పనిచేస్తున్నాను. అందులో చివరి నాలుగేళ్లు ఫస్ట్ అసిస్టెంట్‌ని. పెద్ద స్టూడియోలు తీసిన ఐదు చిత్రాల చివర నా పేరు పడింది, కానీ ఆ ఐదింటిలో ఫలానా సన్నివేశం నా కూర్పు అని చెప్పుకొనే హక్కు నాకు లేదు. రెండేళ్ల కిందట ఒక చిత్రంలో ఎడిటర్‌కు ఊపిరి సలపని పని ఉండి, ఆసుపత్రిలో జరిగే ఒక సన్నివేశాన్ని నన్ను కూర్చమన్నారు. రెండు ఫ్రేముల తేడాతో అది అలాగే థియేటర్లకు వెళ్లింది. ఆ రోజు నాకు ఎంత సంతోషం కలిగిందో, తెరమీద పేర్లు పడుతున్నప్పుడు అంత వెలితీ కలిగింది.

ఇప్పుడు చేస్తున్న చిత్రం పూర్తి కావడానికి ఇంకా పద్నాలుగు నెలలు పడుతుంది. వారం వారం జీతం అందుతోంది, ఎడిటర్ల సంఘమైన ఎడిటర్స్ గిల్డ్ సభ్యురాలిని కాబట్టి ఆరోగ్య బీమా ఉంది, ఇంటికి పంపే డబ్బుకు లోటు లేదు. ఈలోగా ఒక కొత్త దర్శకురాలు తన తొలి చిత్రానికి నన్ను ఎడిటర్‌గా రమ్మన్నారు. ఇరవై రెండు రోజుల చిత్రీకరణ, తక్కువ బడ్జెట్ ఒప్పందం కింద నాలుగు నెలల పని, జీతం ఇప్పటిదానిలో సగానికి కాస్త ఎక్కువ. ఆ నాలుగు నెలల తర్వాత ఏముంటుందో ఎవరూ చెప్పలేరు. మూడు వారాల్లో జవాబు చెప్పాలి. ఈ పనిలో ఉన్నవారూ, ఉండి మానుకొన్నవారూ మీ అనుభవం చెప్పండి.

గోదారి_గట్టు
ఎడిటర్ ఒక్కరే గదిలో కూర్చొని చిత్రాన్ని కత్తిరిస్తారని మేము అనుకొంటాం. తొమ్మిదేళ్లు అసిస్టెంట్‌గా ఉండవలసినంత పని అక్కడ ఏముంటుందో కాస్త వివరిస్తారా?

తెనాలి_కూర్పు
చిత్రీకరణ జరుగుతున్న రోజుల్లో ముందురోజు తీసినదంతా తెల్లవారేసరికి మా దగ్గరకు చేరుతుంది. బొమ్మకూ శబ్దానికీ జత కుదర్చడం, మూడు నాలుగు కెమెరాలతో తీసినవాటిని ఒకే కాలానికి కట్టడం, సెట్‌లో స్క్రిప్ట్ సూపర్‌వైజర్ రాసిన వివరాలతో ప్రతి టేకునూ సరిచూడడం, సన్నివేశాల వారీగా బిన్లలో, అంటే ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్‌లోని అరల్లో, అమర్చడం, ఇవన్నీ ఎడిటర్ వచ్చి కూర్చొనేలోగా ముగియాలి. దర్శకుడు ఏడు నెలల తర్వాత హఠాత్తుగా "ఆ అమ్మాయి తల తిప్పకుండా మాట చెప్పిన టేకు ఒకటి ఉండాలి" అంటే, అది అర నిమిషంలో తెరమీదకు రావాలి.

చిత్రీకరణ ముగిశాక పని ఇంకా పెరుగుతుంది. పెద్ద చిత్రాల్లో విజువల్ ఎఫెక్ట్స్ షాట్లు రెండు వేలు దాటడం ఇప్పుడు అరుదు కాదు. ఎడిటర్ ఒక షాటును ఎనిమిది ఫ్రేములు పొడిగిస్తే ఆ సంగతి ఎఫెక్ట్స్ సంస్థకూ, శబ్దవిభాగానికీ, సంగీత ఎడిటర్‌కూ మార్పుల పట్టికగా చేరాలి. అందులో ఒక్క అంకె తప్పితే వారాల పని వృథా అవుతుంది. ఇంకా సిద్ధం కాని ఎఫెక్ట్స్ స్థానంలో తాత్కాలిక బొమ్మ, రాని సంగీతం స్థానంలో తాత్కాలిక సంగీతం మేమే పెట్టి, ప్రేక్షకులకు చూపించదగిన రూపానికి తేవాలి. ఇది చిన్న పని కాదు, నాకు దీనిపై చిన్నచూపూ లేదు. ఇందులో ఎంత నేర్పు సంపాదించినా అది కూర్పులోకి నడిపించే నేర్పు కాదన్నదే నా బాధ.

వాన్‌నైస్_వసుధ
ఇదే ఊళ్లో విజువల్ ఎఫెక్ట్స్ ఎడిటర్‌గా పనిచేస్తున్నాను కాబట్టి నిష్కర్షగా చెబుతాను: ఇప్పుడు కదలవద్దు. మన పరిశ్రమ బీమా నిలవాలంటే ప్రతి ఆరు నెలల గడువులో 400 గంటల పని చూపించాలి. నాలుగు నెలల చిత్రంతో ఒక గడువు గట్టెక్కుతుంది, రెండో గడువు మాటేమిటి?

2023ను మీరూ చూశారు. రచయితల సమ్మె మే 2న మొదలై 148 రోజులు సాగింది, నటుల సమ్మె జులై 14న మొదలై 118 రోజులు సాగింది. సమ్మె చేసింది మనం కాకపోయినా చిత్రీకరణ ఆగితే ఎడిటింగ్ గదికి వచ్చేది ఏమీ ఉండదు. ఆ ఏడాది నాకు ఏడు నెలలు పని లేదు. మా పాప పళ్ల వైద్యాన్ని వాయిదా వేసుకొన్నాం. చేతిలో పద్నాలుగు నెలల పని ఉన్నవారు దాన్ని వదులుకోవడం నా మనసుకు ఎక్కడం లేదు.

మూవియోలా_మూర్తి
1979లో పాలకొల్లు నుంచి మద్రాసు వెళ్లి, వడపళనిలో ఒక ఎడిటింగ్ గదిలో కుదురుకొన్నాను. అప్పుడు అసిస్టెంట్ పని అంటే చేతిపని. పాజిటివ్ ఫిల్ము ముక్కలను కొక్కేలకు వరుసగా వేలాడదీసి, ప్రతి ముక్క అంచు మీదా మైనపు పెన్సిల్‌తో గుర్తులు రాసి, ఎడిటర్ చెయ్యి చాచగానే సరైన ముక్కను అందించాలి. ఆయన మూవియోలా అనే ఎడిటింగ్ యంత్రం మీద ఫిల్మును ఆపి, గుర్తు పెట్టి, కోసి, అతికించేవారు. నేను ఆయన భుజం వెనుక నిలబడి ఉండేవాణ్ణి. నాకు తెలిసిన కూర్పంతా ఆ భుజం వెనుక నిలబడి నేర్చుకొన్నదే. ఈ ముక్క ఎందుకు వద్దన్నారు, ఆ నటుడు కళ్లు వాల్చేదాకా ఎందుకు ఆగారు, ఇవి ఎవరూ విడమరచి చెప్పరు, చూసి పట్టుకోవాలి.

తెనాలి అమ్మాయిని ఒకటి అడుగుతాను. కంప్యూటర్లు వచ్చాక అసిస్టెంట్ వేరే గదిలో, వేరే తెర ముందు కూర్చొంటున్నారని విన్నాను. నీవు మీ ఎడిటర్ వెనుక నిలబడి చూసేది రోజుకు ఎన్ని గంటలు? ఆ లెక్క తేలితే నీ ప్రశ్నకు సగం జవాబు దొరుకుతుందని నాకు అనిపిస్తోంది.

తెనాలి_కూర్పు
మూర్తిగారూ, లెక్క వేసి చూశాను. వారం మొత్తం మీద రెండు గంటలు కూడా లేదు. నా గదికీ ఆయన గదికీ మధ్య నడవా ఉంది. ఆయన కూర్చిన సన్నివేశం నా తెరమీదకు పూర్తయిన రూపంలో వస్తుంది, అది ఏ తప్పటడుగుల మీదుగా అక్కడికి చేరిందో నాకు కనబడదు.

పాతరీళ్లు
ఈ దారిలో నడిచినవారి వివరాలు కొన్ని చెబుతాను, మీ నిర్ణయానికి ఉపయోగపడవచ్చు.

టామ్ క్రాస్ చాలా ఏళ్లు అసిస్టెంట్‌గా పనిచేశారు. డేమియన్ షజెల్ తీసిన చిన్న చిత్రం విప్లాష్ (2014) చిత్రీకరణకు పట్టింది 19 రోజులే. దాని కూర్పుకు క్రాస్ 2015లో ఆస్కార్ అందుకొన్నారు. అదే దర్శకుడి తర్వాతి చిత్రాలు కూర్చారు, ఆపైన నో టైమ్ టు డై వంటి జేమ్స్ బాండ్ చిత్రం దాకా వెళ్లారు. జెన్నిఫర్ లేమ్ ఫ్రాన్సెస్ హా, మాంచెస్టర్ బై ద సీ, హెరెడిటరీ వంటి చిన్న, మధ్యతరహా చిత్రాలు కూర్చారు. తర్వాత క్రిస్టఫర్ నోలన్ ఆమెను టెనెట్‌కు పిలిచారు. 2024లో ఓపెన్‌హైమర్‌కు ఆమెకు ఆస్కార్ వచ్చింది.

దీనికి ఎదురుగా నిలిచే ఉదాహరణ సారా బ్రోషార్. స్పీల్‌బర్గ్‌కు 1977 నాటి క్లోజ్ ఎన్‌కౌంటర్స్ నుంచి ఎడిటర్‌గా ఉన్న మైకేల్ కాన్ దగ్గర ఆమె అసిస్టెంట్‌గా ఉన్నారు. 2017లో ద పోస్ట్ చిత్రానికి కాన్‌తో పాటు ఎడిటర్‌గా ఆమె పేరు పడింది. వెస్ట్ సైడ్ స్టోరీకీ, ద ఫేబుల్‌మన్స్‌కూ అలాగే ఇద్దరి పేర్లూ ఉన్నాయి. కాబట్టి ఉన్నచోటే ఉండి పైకి వచ్చినవారు లేరని అనలేం.

లెక్క_సరిచూడు
పాతరీళ్లుగారు చెప్పినవి నిజమే, కానీ ఆస్కార్ అందుకొన్నవారిని చూసి దారి ఎంచుకోవడం సరైన లెక్క కాదు. చిన్న చిత్రం కూర్చి, అది ఏ ఉత్సవానికీ ఎంపిక కాక, పంపిణీదారు దొరకక మూలపడితే, ఆ ఎడిటర్ పేరు మనకు తెలిసే అవకాశమే లేదు. గెలిచినవారు మాత్రమే ఉదాహరణలవుతారు. ఆమె అడుగుతున్నది వచ్చే నెల అద్దె గురించి కూడా అన్న సంగతి మరువకూడదు.

పాతరీళ్లు
మీ మాటను అంగీకరిస్తాను. అయితే నేను ఆస్కార్ గురించి కాక, ఆ ముగ్గురిలోనూ ఉన్న ఒక పోలిక గురించి చెప్పదలచుకొన్నాను. ముగ్గురినీ పైకి తెచ్చినది ఒక మనిషికి వారిపై కుదిరిన నమ్మకం. క్రాస్‌ను దర్శకుడు నమ్మారు, బ్రోషార్‌ను ముందు ఎడిటర్, తర్వాత దర్శకుడు నమ్మారు. స్టూడియోలో ఎడిటర్ పదవికి దరఖాస్తు పెట్టుకొని, పరీక్ష రాసి ఎక్కే మెట్లు లేవు. పది కోట్ల డాలర్ల చిత్రాన్ని చేతిలో పెట్టేముందు "ఈమె ఇదివరకు ఏం కూర్చింది?" అని మాత్రమే అడుగుతారు. ఆ ప్రశ్నకు జవాబుగా చూపించడానికి తెనాలి_కూర్పుగారి చేతిలో ఇప్పుడు ఏముంది?

ఎడిటర్ థెల్మా స్కూన్‌మేకర్ విషయం కూడా చెప్పాలి. 1970లో వచ్చిన వుడ్‌స్టాక్ డాక్యుమెంటరీ కూర్పుకు ఆస్కార్ నామినేషన్ పొందిన తర్వాత కూడా, యూనియన్‌లో చేరాలంటే అప్రెంటిస్‌గా, ఆపైన అసిస్టెంట్‌గా ఏళ్ల తరబడి పనిచేసి రావాలన్నారు. ఆమె ఒప్పుకోలేదు. 1970లలో దర్శకుడు మార్టిన్ స్కోర్సేసీ స్టూడియోలకు తీసిన చిత్రాలను ఆమె కూర్చలేకపోయారు. 1980లో రేజింగ్ బుల్‌తో తిరిగివచ్చి ఆస్కార్ గెలిచారు, అప్పటి నుంచి ఆయన కథాచిత్రాలన్నీ ఆమె కూర్పే. వరుసలో నిలబడడానికి నిరాకరించినందుకు ఆమె చెల్లించిన మూల్యం కూడా చిన్నది కాదు.

నిజాంపేట_కిరణ్
నేను డిగ్రీ చివరి ఏడాదిలో ఉన్నాను, ఫోనులోనూ లాప్‌టాప్‌లోనూ లఘుచిత్రాలు కూర్చుతుంటాను. హాలీవుడ్‌లో ఏ సాఫ్ట్‌వేర్ నేర్చుకొంటే పని దొరుకుతుంది?

వాన్‌నైస్_వసుధ
పెద్ద స్టూడియో చిత్రాల్లో అత్యధికం ఇప్పటికీ అవిడ్ మీడియా కంపోజర్ మీదనే నడుస్తాయి. అది 1989లో వచ్చింది. ఇంతకాలం నిలవడానికి కారణం, ఇద్దరు ఎడిటర్లూ ఐదుగురు అసిస్టెంట్లూ ఒకే ప్రాజెక్టును ఒకేసారి తెరిచి పనిచేసినా ఒకరి పనిపై మరొకరి పని పడకుండా ఒక్కో బిన్‌కూ తాళం పడే ఏర్పాటు. గాన్ గర్ల్ చిత్రం అడోబీ ప్రీమియర్ సాఫ్ట్‌వేర్ మీద, కొరియా చిత్రం పారసైట్ పాత ఫైనల్ కట్ ప్రో మీద కూర్చినవి, కాబట్టి వేరేవి పనికిరావని కాదు. అసిస్టెంట్‌గా ప్రవేశం కావాలంటే అవిడ్ నేర్చుకోవలసిందే. కూర్పు నేర్చుకోవాలంటే మాత్రం ఇప్పుడు మీ దగ్గరున్నది చాలు.

మూవియోలా_మూర్తి
కిరణ్ బాబుకు నేను ఒకటి చేరుస్తాను. హాలీవుడ్ ఎడిటర్ వాల్టర్ మర్చ్ మూవియోలా నుంచి కంప్యూటర్ దాకా అన్నిటి మీదా పనిచేసినవారు. కంప్యూటర్ మీద కూర్చి ఎడిటింగ్ ఆస్కార్ పొందిన తొలి చిత్రం ది ఇంగ్లిష్ పేషెంట్ ఆయనదే. అదే చిత్రానికి శబ్దానికి కూడా ఆస్కార్ తీసుకొన్నారు. ఆయన పని చేసేది నిలబడి, వంటవాళ్లూ శస్త్రవైద్యులూ నిలబడి చేసినట్టు. ఒక కట్ మంచిదా కాదా అని తూచడానికి ఆయన వేసుకొన్న తూకంలో భావోద్వేగానికి 51 శాతం, కథకు 23, లయకు 10, చూపు ఎక్కడుందన్నదానికి 7, తెర చదును మీద బొమ్మ అమరికకు 5, సన్నివేశంలో ఎవరు ఎక్కడున్నారన్న చోటు కుదరడానికి 4. ఒక షాటుకూ మరో షాటుకూ పొంతన, అంటే కంటిన్యుటీ, తప్పిందని మనం గగ్గోలు పెట్టేది ఆయన లెక్కలో అట్టడుగున ఉంది. నటుడి చేతిలో గ్లాసు కుడి నుంచి ఎడమకు మారినా, ఆ క్షణంలో అతని ముఖం నిజం చెబుతుంటే ఆ టేకే ఉంచాలి.

గోదారి_గట్టు
మర్చ్‌గారి తూకంలో మొదటిదానికే సగం పైన పోయింది. మా అమ్మ సినిమా చూసి వచ్చి చెప్పే తీర్పు కూడా ఇదే కొలత మీద ఉంటుంది, గ్లాసు సంగతి ఆమె ఎప్పుడూ అడగలేదు.

సత్తెనపల్లి_తల్లి
మా అబ్బాయి ఇంజనీరింగ్ మూడో ఏడు చదువుతూ, అమెరికా వెళ్లి సినిమా ఎడిటింగ్ చదువుతానంటున్నాడు. అప్పు చేసి పంపాలి. అక్కడ నిలదొక్కుకొనే వీలు ఉందా? దయచేసి ఉన్నది ఉన్నట్టు చెప్పండి.

వాన్‌నైస్_వసుధ
అమ్మా, ఉన్నది ఉన్నట్టే చెబుతాను. చదువు అయ్యాక అక్కడ పనిచేయడానికి విద్యార్థులకు దొరికేది మామూలుగా పన్నెండు నెలలు. హెచ్-1బి వీసా ఒక యజమాని దగ్గర నిలకడగా ఉండే ఉద్యోగాన్ని ఆధారం చేసుకొన్నది. సినిమా పనిలో ప్రతి చిత్రానికీ కొత్త సంస్థ, కొత్త యజమాని. ఓ-1 వీసాకు తమ రంగంలో విశేష ప్రతిభ ఉన్నట్టు ఆధారాలు చూపాలి, పాతికేళ్ల వయసున్న అసిస్టెంట్ దగ్గర అవి ఉండడం కష్టం. గిల్డ్‌లో చేరడానికి కూడా ఇన్ని రోజులు పనిచేశానని జీతపు రసీదులతో రుజువు చూపాలి. నాకు దారి సుగమం కావడానికి కారణం పెళ్లితో వచ్చిన గ్రీన్ కార్డు. అప్పు చేసి పంపమని నేను చెప్పలేను.

పాతరీళ్లు
సత్తెనపల్లి_తల్లిగారూ, మీ అబ్బాయికి మన దగ్గర కూడా గొప్ప బడి ఉంది. ఆర్ఆర్ఆర్ చిత్రాన్ని కూర్చిన శ్రీకర్ ప్రసాద్‌గారు జాతీయ పురస్కారాలు ఎన్నోసార్లు అందుకొన్నారు. ఆయన పని నేర్చుకొన్నది తండ్రి, ఎడిటర్ సంజీవిగారి దగ్గర అసిస్టెంట్‌గా. బాహుబలి కూర్పు కోటగిరి వెంకటేశ్వరరావుగారిది. జెర్సీకి నవీన్ నూలిగారు జాతీయ పురస్కారం పొందారు. హైదరాబాదులో ఒక ఎడిటర్ దగ్గర రెండేళ్లు పనిచేశాక కూడా అతనికి ఇదే కోరిక ఉంటే, అప్పుడు అమెరికా మాట ఆలోచించవచ్చు.

సత్తెనపల్లి_తల్లి
మీరిద్దరూ చెప్పినది వాడికి చదివి వినిపించాను. ముందు హైదరాబాదు అన్నాడు. నా గుండెల మీద బరువు దిగింది.

శబ్దతరంగం
అసలు ప్రశ్నకు తిరిగి వస్తాను. ఎడిటర్ అయిపోతే బాధలు తీరుతాయన్న ఊహతో ఎవరూ వెళ్లకూడదని నా మనవి. నేను శబ్దవిభాగంలో ఉండి ఎందరో ఎడిటర్ల కష్టం దగ్గరగా చూశాను. చిత్రీకరణ ముగిసిన కొద్ది రోజుల్లోనే మొదటి కూర్పు సిద్ధం కావాలి. అది సాధారణంగా మూడు మూడున్నర గంటలు ఉండి, చూసిన దర్శకుడికి కడుపులో తిప్పుతుంది. దర్శకుల గిల్డ్ ఒప్పందం ప్రకారం ఆ తర్వాతి పది వారాలు దర్శకుడివి, వేరెవరూ వేలు పెట్టకూడదు. అవి గడిచాక స్టూడియో సలహాలు వస్తాయి. తర్వాత తెలియని ప్రేక్షకులను పిలిచి ప్రివ్యూ చూపించి, కార్డుల మీద వాళ్ల మార్కులు తీసుకొంటారు. "అద్భుతం", "చాలా బాగుంది" అన్న రెండు గడుల్లో ఎంత శాతం పడిందన్నదాన్ని బట్టి మర్నాడు గదిలో గాలి మారిపోతుంది.

ఆ గాలి ఎదురైతే మొదట మార్చేది ఎడిటర్‌నే. స్టార్ వార్స్ మొదటి చిత్రానికి తొలుత పెట్టుకొన్న బ్రిటిష్ ఎడిటర్ జాన్ జింప్సన్‌ను తీసివేశారు. తర్వాత వచ్చిన పాల్ హిర్ష్, మార్షియా లూకస్, రిచర్డ్ చూలకు ఆస్కార్ వచ్చింది. నేను పనిచేసిన ఒక చిత్రంలో ఎడిటర్ శుక్రవారం సాయంత్రం మాతో కలిసి భోజనం చేసి, సోమవారం నాటికి లేరు. ఆయన కూర్చిన రీళ్లు మాత్రం చాలావరకు అలాగే విడుదలయ్యాయి.

మూవియోలా_మూర్తి
ఇప్పటికీ రీళ్లనే అంటున్నారా?

శబ్దతరంగం
అంటున్నాం. ఫిల్ము లేకపోయినా చిత్రాన్ని సుమారు ఇరవై నిమిషాల భాగాలుగా విడగొట్టే అప్పగించుకొంటాం. పూర్వం 2,000 అడుగుల రీలులో పట్టే నిడివి కొలతగా మిగిలిపోయింది. నాలుగో రీలు మారితే మిగిలినవి కదలకుండా ఉంటాయి కాబట్టి పనికి కూడా అదే అనువు.

పాతరీళ్లు
ఎడిటర్ ముందుండే రాశి ఎంతో కూడా చెప్పుకోవాలి. అపొకలిప్స్ నౌ చిత్రానికి 12,50,000 అడుగుల ఫిల్ము తీశారు, అంటే 230 గంటలకు పైమాటే. విడుదలైనది రెండున్నర గంటలలోపు. అందులోని కట్ల సంఖ్యను ఎడిటర్లు పనిచేసిన రోజులతో భాగిస్తే ఒక్కొక్కరికి రోజుకు 1.47 కట్లు వస్తాయని, అందులో పనిచేసిన మర్చ్ లెక్క కట్టారు. మిగిలిన కాలమంతా వద్దనుకొన్న దారులన్నీ నడిచి చూడడానికి పట్టింది. మ్యాడ్ మ్యాక్స్: ఫ్యూరీ రోడ్‌కు మార్గరెట్ సిక్సెల్ ముందున్నది 480 గంటలు. టాప్ గన్: మావెరిక్‌కు ఎడీ హామిల్టన్ ముందున్నది 813 గంటలు. సిక్సెల్ అంతకుముందు పోరాట చిత్రమేదీ కూర్చలేదన్నది మన చర్చకు ముఖ్యం. దర్శకుడు జార్జ్ మిల్లర్ ఆమె భర్త, ఆమె చూపు మీద ఆయనకు నమ్మకం ఉంది, ఆ చిత్రానికి 2016లో ఆమెకు ఆస్కార్ వచ్చింది.

లెక్క_సరిచూడు
ఒక సందేహం. ఆడవాళ్లు ఈ పనిలో ఇంతమంది ఎలా కనబడుతున్నారు? దర్శకత్వంలోనూ ఛాయాగ్రహణంలోనూ ఇన్ని పేర్లు వినబడవు.

పాతరీళ్లు
మూకీల కాలంలో ఫిల్ము అతికించడాన్ని కుట్టుపని వంటిదిగా భావించి ఆడవాళ్లకు అప్పగించారు. మార్గరెట్ బూత్ అలా దర్శకుడు గ్రిఫిత్ దగ్గర ముక్కలు అతికించే అమ్మాయిగా చేరి, ఎంజీఎం స్టూడియోలో కూర్పు పర్యవేక్షకురాలై 1968 దాకా కొనసాగారు. 104 ఏళ్లు బతికారు. వెర్నా ఫీల్డ్స్ జాస్‌కు ఆస్కార్ పొందాక యూనివర్సల్ స్టూడియోలోనే ఉపాధ్యక్షురాలయ్యారు. లారెన్స్ ఆఫ్ అరేబియా కూర్చిన ఆన్ కోట్స్ 89వ ఏట కూడా ఒక పెద్ద స్టూడియో చిత్రాన్ని కూర్చారు. మన తెరమీద "కూర్పు" అని పేరు వేస్తారు. కత్తిరింపు కంటే ఆ మాట ఈ పనికి ఎంతో దగ్గరగా ఉందని నేను ఎప్పుడూ అనుకొంటాను.

తెనాలి_కూర్పు
అందరివీ రెండేసిసార్లు చదివాను. మూర్తిగారి ప్రశ్న నన్ను వదలలేదు. నిన్న మా ఎడిటర్ గదికి వెళ్లి ఉన్న సంగతి చెప్పాను. ఆయన కాసేపు మాట్లాడలేదు. తర్వాత, వచ్చే ఏడాది ఈ చిత్రం రెండో భాగం పని దొరికితే అడిషనల్ ఎడిటర్‌గా నా పేరు అడుగుతానని, కానీ స్టూడియో ఒప్పుకొంటుందని మాట ఇవ్వలేనని అన్నారు. చివరికి, "నీ ఆసుపత్రి సన్నివేశాన్ని నేను మార్చనిది తీరిక లేక కాదు" అన్నారు. తొమ్మిదేళ్లలో ఆయన నాతో కూర్పు గురించి అంత సూటిగా మాట్లాడడం అదే మొదటిసారి.

వాన్‌నైస్_వసుధ
అయితే మీరు వెళ్తున్నారని అర్థమైంది. నా అభిప్రాయం మారలేదు, అయినా మీకు మంచి జరగాలని కోరుకొంటున్నాను. రెండు విషయాలు మాత్రం వినండి. ప్రివ్యూకు ముందు వారంలో పని వదలకండి. మీ స్థానంలోకి వచ్చే మనిషికి బిన్లు, ఎఫెక్ట్స్ పట్టికలు దగ్గరుండి అప్పగించండి. ఈ ఊళ్లో మిమ్మల్ని మళ్లీ పిలిచేది ఇలాంటివి గుర్తుంచుకొన్నవారే. ఆరు నెలల ఖర్చు బ్యాంకులో ఉంచుకొని, కొత్త పని గంటలు బీమా గడువులో ఎక్కడ పడతాయో ఒప్పందం మీద సంతకానికి ముందే లెక్క వేయించుకోండి.

తెనాలి_కూర్పు
వసుధగారూ, మీ మాట ప్రకారమే చేశాను. మార్చి చివర ప్రివ్యూ ముగిశాక బయటకు వచ్చేలా మాట్లాడుకొన్నాను. సెకండ్ అసిస్టెంట్ నా స్థానంలోకి వస్తున్నారు, మూడు వారాలు పక్కన కూర్చొని అప్పగిస్తాను. బీమాకు ఈ గడువు గంటలు సరిపోతాయి, తర్వాతి దానికి 60 గంటలు తగ్గుతాయి. ఆ లోటు పూడ్చడానికి ఒక ధారావాహికలో రెండు వారాల అసిస్టెంట్ పని అడిగి పెట్టుకొన్నాను.

మూవియోలా_మూర్తి
సంతోషం అమ్మా. మొదటి సన్నివేశం కూర్చిన రోజు ఇక్కడ చెప్పు. నిడివి ఎంత వచ్చిందో కూడా చెప్పాలి.

తెనాలి_కూర్పు
నాలుగు నెలల తర్వాత రాస్తున్నాను. మాకున్న గది ఒక గ్యారేజి పైన ఉంది, నడవా లేదు. నాకు ఒకే అసిస్టెంట్, ఇరవై నాలుగేళ్ల అమ్మాయి. ఆమె తెరను నా తెర పక్కనే పెట్టించాను. మొదటి వారం తల్లీ కొడుకూ వంటింట్లో పోట్లాడుకొనే సన్నివేశం వచ్చింది. మొదటి కూర్పు 4 నిమిషాల 10 సెకన్లు. దర్శకురాలు చూసి బాగుందన్నారు, నాకు నచ్చలేదు. కొడుకు మాటలు సగం తీసివేసి, తల్లి గిన్నె కడుగుతున్న షాటును ఎక్కడా తెంచకుండా 38 సెకన్లు ఉంచాను. ఇప్పుడు 2 నిమిషాల 50 సెకన్లు.

మూవియోలా_మూర్తి
గిన్నె కడుగుతున్నప్పుడు ఆమె కొడుకు వైపు చూస్తుందా?

తెనాలి_కూర్పు
ఐదు టేకుల్లో చూసింది. చూడనిది ఆరోది. అదే ఉంచాను.